కబురు సీటు

“పెన్ను పట్టుకో వదినే. ఒక్క దస్కతు. సోమవారం పొద్దుగాల మన బస్సు గల్లీల ఉంటది.”

అంకుశం కాగితాన్ని చాప మీద ఇంకొంచెం ముందుకు జరిపాడు. ఓదెమ్మ దానివైపు చూడలేదు. తలుపు పక్క మేకుకు వేలాడుతున్న ఖాకీ చొక్కాను చూస్తోంది. భర్త నర్సింగం పోయిన నాటినుంచి ఆ చొక్కాను ఎవరూ తీయలేదు. ఉతకనూ లేదు.

అది శుక్రవారం. భివండిలో మగ్గాలకు కరెంటు లేని రోజు. వారమంతా మోత మీదుగా అరిచి మాట్లాడుకునే టెంఘర్ బస్తీ మనుషులు, మోత ఆగిన రోజు కూడా గొంతు తగ్గించరు. ఆ ఇంట్లో మాటలు ఎదుటి చాళ్ ఇళ్ళ మెట్లదాకా పోతున్నాయి.

“కాగితంల ఏం రాసిన్రో చదువు బిడ్డా,” అంది ఓదెమ్మ.

కూతురు దీపాలి వంగి కాగితం అందుకుంది. మరాఠీ బడిలో చదివిన పిల్ల. మొదట పెదవులతో చదువుకుని తర్వాత చెప్పింది.

“మన బండిల వేరేవేరే మనుషులకు టికెట్లు కోసి ఎక్కిచ్చుకున్నమట. పర్మిట్ ఒక్క పార్టీకని ఇస్తే, మనం మోసం చేసి సవారీలు కొట్టినమట. తప్పు మాదే, హైకోర్టుల ఏసిన కేసు వాపస్ తీసుకుంటున్నం అని రాసిన్రు.” కాగితం కింద పెట్టేసింది. “సగళం ఖోటం, కాకా. అంత అబద్ధం. ఆ దినం ఒక్కరికన్న టికెట్ కొయ్యలె. ఊరోళ్ళంత కలిసి బండి మాట్లాడుకున్నరు.”

“నిజమా అబద్ధమా అని నేనడిగిన్నా? దస్కతు అడిగిన.”

“అబద్ధం మీద దస్కతు ఎట్ల పెడ్తది?”

“దీపా. పెద్దోళ్ళు మాట్లాడుతున్నరు.”

“పెద్దోళ్ళే చదువుమన్నరు కద.”

గోడకు ఆనుకుని కూర్చున్న భీమ్‌రావు సాసర్లో చాయ్ పోసుకుని ఊదుకుంటున్నాడు. ఆర్టీఓ ఆఫీసు గేటు ముందు టేబుల్ వేసుకుని కాగితాలు నింపే ఏజెంటు అతను. ఈ ఇంటికి అతన్ని అంకుశమే తీసుకొచ్చాడు.

“భాభీ, నేను గేటు కాడ టేబుల్ ఏసుకున్నప్పటి సంది చూస్తున్న. సర్కారు మీద కేసు ఏసినోని బండి బయటికి రాదు. టైర్లు బయటికొస్తయి. బ్యాటరీ బయటికొస్తది. సీట్లు సుత బయటికొస్తయి. బండి రాదు.”

“సీట్లెట్ల బయటికొస్తయి భీమ్‌రావు?”

“ఎట్ల రావాల్నో గట్ల.” అతను చాయ్ తాగి సాసర్ పక్కన పెట్టాడు. “బస్సుల సంఘంల ఉన్న మాలికులందరు దస్కతులు పెట్టేసిన్రు. వాళ్ళ బండ్లు వాళ్ళకు దొరికినయి. ఇప్పుడు ఆ కేసు నీ ఒక్క పేరు మీద నిలబడి ఉన్నది. నువ్వు తప్పుకుంటే అది పడిపోతది. ఆర్టీఓ సాబ్ కూడ ఖుష్.”

“నేను తప్పుకోకుంటె?”

“వానాకాలం ఆర్టీఓ యార్డుల గడుస్తది. దీపావళి గడుస్తది. కోర్టుకు తొందరేముంది? దానికి కిస్తులు లెవ్వు, సవారీలు లెవ్వు.”

ఓదెమ్మ కాగితాన్ని అంకుశం వైపు వెనక్కి జరిపింది.

“నువ్వు మాట్లాడకపోతె నేను మాట్లాడ్త,” అన్నాడు అంకుశం. “ఆ యార్డు గేటు కాడ వానల నిలబడి నిలబడి మా అన్న పోయిండు. గేటు ఇనుప సీకులు పట్టుకునే కూలిండు. నేనే లేపిన. నేనే ఆటోల పండుకోబెట్టిన. ఇంక ఎవలు పోవాలె వదినే ఆ బండి కోసం? నువ్వా? ఈ పోరియా?”

దీపాలి తల వంచుకుంది.

“గందుకే దస్కతు పెట్ట,” అంది ఓదెమ్మ.

“ఏంది?”

“ఆయన గేటు పట్టుకుని పోయిండు గందుకే పెట్ట. బండి కోసం నిలబడలె ఆయన. నేను మోసం చెయ్యలె అని చెప్పెతందుకు నిలబడ్డడు. సాబ్ లోపటికి రానియ్యలె. ఇప్పుడు నేను, మోసం చేసినం సాబ్ అని దస్కతు పెట్టాల్నా? పెట్టి, ఆ బండి తెచ్చి, దాని మీద బతుకాల్నా?”

ఎదుటి చాళ్ మెట్ల మీద బియ్యం ఏరుతున్న కనకవ్వ అక్కడినుంచే అంది: “బాగన్నవ్ ఓదెమ్మా.”

“నీ బియ్యం నువ్వు ఏరుకో ముసలిదానా!” అంకుశం తలుపు దాకా వెళ్ళి అరిచాడు.

“చెవులు మూసుకుని ఏరొస్తదా కొడుకా?”

ఎక్కడో ఇద్దరు నవ్వారు. అంకుశం తలుపు దగ్గరగా వేశాడు. ఇల్లు చీకటైంది. దీపాలి లేచి మళ్ళీ తెరిచింది.

*

బండిని పట్టుకున్న రోజు సంగతి ఆ గల్లీలో తెలియని మనిషి లేడు.

నర్సింగం పర్మిట్ ఒక పార్టీని ఒక పని మీద తీసుకుపోవడానికి ఇచ్చింది. పెండ్లికి, జాతరకు, చావుకు. ఆ రోజు సిరిసిల్ల అవతలి ఊళ్ళో కొమురయ్య అనే ముసలాయన పోయాడని ఫోను బూత్‌కు కబురొచ్చింది. ఆ ఊరి మనుషులు భివండిలో ఏ మగ్గాల ఖాతాలో పని చేస్తున్నా మగ్గాలు వదిలి వచ్చారు. సీట్ల కంటే ఎక్కువ మంది ఎక్కారు. చావుకు పోయేవాళ్ళను దిగమనడం నర్సింగానికి చేతకాలేదు.

కొండల ఘాటు ఎక్కకముందే చెకింగ్ వాళ్ళు ఆపారు.

సీట్లకు మించి మనుషులుంటే జరిమానా వెయ్యండి, కడతాం. అంతమాత్రానికి బండిని గుంజుకుపోయే హక్కు చట్టంలో లేదు. బస్సు మాలికుల సంఘం కోర్టులో వేసిన కేసు అదే. పర్మిట్ ఏ పనికి ఇచ్చారో ఆ పని తప్పితేనే బండిని పట్టుకోవాలి. నర్సింగం బండి పని తప్పలేదు. ఒక్క పార్టీ, ఒక్క చావు. ఆ మాట చెప్పి ఉంటే జరిమానాతో పోయేది.

కానీ ఆఫీసరు టార్చి వేసి ఎక్కడికి పోతున్నారని అడిగినప్పుడు బండిలో ఉన్నవాళ్ళంతా లగ్గానికి అన్నారు.

పెండ్లికూతురు పేరేమిటని అడిగాడు. ముందు సీటు ఒక పేరు చెప్పింది. వెనక సీటు ఇంకో పేరు చెప్పింది. ఆఫీసరు నవ్వి, పెండ్లి లేదు, పార్టీ లేదు, వీళ్ళంతా విడివిడిగా టికెట్లు కొన్న సవారీలు అని రాసుకున్నాడు.

ఆ రాత మీదే బండి యార్డులో ఉంది.

*

“సరే, కోర్టుకు పోతవ్,” అన్నాడు అంకుశం. గొంతు తగ్గించాడు. అది అరుపు కంటే కష్టంగా ఉంది. “పోయి ఏం చెప్తవ్? చెకింగ్ ఆపితె లగ్గమని చెప్పుండ్రి అని మా అన్ననే నేర్పిచ్చిండు అని చెప్తవా? సచ్చిపోయినోన్ని నలుగురి ముంగట ఝూటా మనిషిని చేస్తవా?”

“నేర్పిచ్చిండు.”

“వదినే!”

“నేర్పిచ్చిండు అంకుశం. నేను ఇన్న. ఎక్కినోళ్ళకు మొదలు ఆ మాటే చెప్పేది, ఎన్క పాన్ ఏసుకునేది. ఈ రూట్ల ఏ మాలిక్ నేర్పియ్యలె? లగ్గమంటె చెకింగోళ్ళు మిఠాయి అడిగి ఇడిసిపెట్టేది. చావంటె నమ్మకపోయేది. శవమేది అనేది.” ఓదెమ్మ కొంగు సర్దుకుంది. “కని ఆ దినం లగ్గమన్నది గందుకు కాదు. నీకు ఎర్క ఎందుకన్నరో.”

అంకుశం మొహం పక్కకు తిప్పుకున్నాడు.

ఎందుకన్నారో అందరికీ తెలుసు. డ్రైవరు వెనకాల కిటికీ సీటులో కొమురయ్య కూతురు జమున కూర్చుని ఉంది. తండ్రికి బాగాలేదని మాత్రమే ఆమెకు చెప్పారు.

ఆ సీటును కబురు సీటు అంటారు. ఊరినుంచి చావు కబురు వస్తే బిడ్డలకు ఆ మాట చెప్పరు. సీరియస్‌గా ఉంది, బయలుదేరమంటారు. ఆ మనిషిని తెచ్చి కబురు సీటులో కూర్చోబెడతారు. బండి అంతా తెలిసే ఉంటుంది. ఒకరు పల్లీలు చేతిలో పెడతారు. ఒకరు పిల్లల చదువులు అడుగుతారు. వెనక సీట్లలో కావాలని నవ్వుతారు. దారి పొడవునా ఒక మనిషి తండ్రి ఇంకా బతికే ఉండేట్టు చూసుకోవడం ఆ బండిలో అందరి పని. కబురొచ్చిన మనిషి ఎక్కేదాకా బండి కదలదు. నర్సింగం పెట్టిన నియమం అది. ఆ సీటుకు పైసలు లేవు.

టార్చి వెలుగు జమున మీద పడింది ముందు. ఆమె ఎదుట చావు అనే మాట ఎవరంటారు?

“వకీలు ఏమన్నడు?” దీపాలి తల్లి మాట అందుకుంది. “బండిల అందరు ఝూట్ చెప్పిన్రు, ఎందుకు చెప్పిన్రో ఒక్క జమునక్క నోటినుంచి వస్తేనే జడ్జి నమ్ముతడు అన్నడు. ఆమెను ఈ రోజే తీస్కరమ్మన్నడు. ఆమె చెప్పింది బయాన్‌ల రాసి, దేవుని మీద కసమ్ తీసుకుని, సోమవారం కేసు పిలిచేవరకు కోర్టుల పెడ్తడట.”

“జమున రాదు,” అన్నాడు అంకుశం.

ఎంత తొందరగా అన్నాడంటే, భీమ్‌రావు కూడా తల ఎత్తి చూశాడు.

“నీకెట్ల ఎర్క?” అంది ఓదెమ్మ.

“ఎర్క.”

“అంకుశం. నా దిక్కు చూసి చెప్పు. ఆమె పెనిమిటి నీ ఖాతాల మగ్గాలు నడుపుతడు. ఏమన్నవ్ వానితోటి?”

“ఏమంట? కోర్టు కచేరీల జోలికి పోకు, పని చేసుకోని బతుకు అన్న. అనొద్దా? నా ఖాతాల పని చేసేటోనికి మంచి చెప్పే హక్కు నాకు లేదా?”

“మంచి చెప్పినవా, పనిలకెళ్ళి తీసేస్త అన్నవా?”

అంకుశం చాప మీది పెన్నును కాగితం పక్కకు జరిపాడు.

“మీ అన్న ఉంటె గీ మాట అనేటోనివా?”

“మా అన్న ఉంటె గీ మాట అనే పనే ఉండకపోవు!” అతను ఒక్కసారిగా లేచాడు. “నాకేం కావాలె వదినే? బండి నా పేరు మీద రాయిమన్నన్నా? నీకు మాసికం సుత కాలె. బయట కాలు పెట్టొద్దు నువ్వు. గసొంటిది లోకలెక్కి, ఫోర్టు హైకోర్టుకు పోయి, నల్లకోటోళ్ళ ముంగట నిలబడ్తనంటవ్. కులమోళ్ళు నన్ను అడుగుతరు, నిన్ను కాదు. తమ్ముడు సచ్చిండా అని అడుగుతరు.”

“బతికే ఉన్నడు, కాగితం తెచ్చిండు అని చెప్త.”

బయట చాళ్ మెట్ల మీద చేట చప్పుడు ఆగింది.

అంకుశం చొక్కా చేతులు మడుచుకుని, విప్పి, మళ్ళీ మడుచుకున్నాడు. ఓదెమ్మకు ఆ మాట అని ఉండకూడదనిపించింది. కానీ వెనక్కి తీసుకోలేదు. నర్సింగాన్ని ఆటోలో ఎత్తి పడుకోబెట్టిన చేతులు అవి. అది ఆమెకు తెలుసు. తెలిసే అంది.

*

గల్లీ మొదట్లో ఆటో ఆగింది. డ్రైవర్ దత్తాత్రి గుమ్మం దగ్గరికొచ్చి చెప్పులు విడవకుండా నిలబడ్డాడు. నర్సింగం బండి మొదటిసారి రోడ్డెక్కిన నాటినుంచి స్టీరింగ్ అతనిదే. బండి యార్డుకు పోయాక అతను దోస్తు ఆటో నడుపుకుంటున్నాడు. ఆటోలో కూర్చున్నా బస్సులో కూర్చున్నట్టే వీపు నిటారుగా పెట్టుకుంటాడు.

“పోదామా అక్కా? ఠాణే స్టేషన్ల లోకల్ పట్టుకుంటేనే వకీలు దొరుకుతడు.”

“జమున?”

దత్తాత్రి అంకుశాన్ని చూసి, నేల చూశాడు. “ఇంటి కాడికి పోయిన. తలుపు తియ్యలె.”

“చెప్పిన కద,” అన్నాడు అంకుశం. గొంతులో గెలుపు లేదు. అలసట ఉంది.

భీమ్‌రావు కాగితాన్ని వేలితో తట్టాడు. “భాభీ, సాక్షి లేదు. ఇప్పుడన్న—”

“తలుపు తియ్యలె. తియ్యనని అనలె.”

ఆ మాట దత్తాత్రి వెనకనుంచి వచ్చింది.

జమున గుమ్మం పక్కకు జరిగి నిలబడింది. నూలు కాండీలు చుట్టే పని ఆమెది. సెలవు రోజు కూడా జుట్టులో తెల్లటి నూలు పీచు అంటుకునే ఉంది. తండ్రి పోయిన తర్వాత ఆమె ఈ ఇంటి గడప తొక్కలేదు. నర్సింగం పోయిన రోజు గల్లీ అంతా వచ్చినా ఆమె రాలేదు.

“లోపటికి రా బిడ్డా,” అంది ఓదెమ్మ.

“ఈడనే నిలబడ్త పెద్దమ్మా.”

“నీ మొగుడు ఎటు పోయిండు?” అన్నాడు అంకుశం.

“ఇంట్ల ఉన్నడు మాలిక్. నువ్వు తీసేస్తనన్నవని చెప్పిండు. భివండిల మగ్గాలు నీ తాననే ఉన్నయా అన్న. గంతే.” ఆమె అతని వైపు చూడలేదు. “నేను నీతోటి మాట్లాడనీకి రాలె.”

దీపాలి నీళ్ళు తెచ్చింది. జమున గ్లాసు పట్టుకుంది. తాగలేదు.

“కోర్టుల నేను చెప్తే బండి వస్తదా?”

“వకీలు వస్తదంటున్నడు,” అంది ఓదెమ్మ. “నాకు నమ్మకం లేదు. కని మోసం చెయ్యలె అన్న మాట అండ్ల పడ్తది. జడ్జి చదువుతడు.”

“ఏం చెప్పాలె నేను?”

“ఉన్నది.”

“ఉన్నదంటె? మొత్తం ఉన్నదా?” జమున గొంతు పెరగలేదు. “మా బాపు కోసమని బత్తాయిలు కొన్న. ఒళ్ళె పెట్టుకోని కూసున్న. దారిల పోరగాండ్లు అడిగితె ఇయ్యలె, మా బాపు తినాలె అన్న. అందరు ఇన్నరు. ఒక్కరన్న ఏమనలె. సచ్చినోనికి పండ్లు తీస్కపోతున్న అని బండి మొత్తానికి ఎర్క, నా ఒక్కదానికి తప్ప.”

దత్తాత్రి తల మీది టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు.

“ఆఫీసరు టార్చి ఏసిండు. మొదలు నన్నే అడిగిండు. నేను నవ్విన పెద్దమ్మా. లగ్గానికి సార్ అన్న. ఎప్పుడు గట్లనే అంటం కద. మీరంత తలకాయలు కిందికేసిన్రు. నాకు సమజ్ కాలె. మల్ల బండి గుంజుకపోతున్నరు అన్నప్పుడు ఈ దత్తన్న ఆఫీసరు కాళ్ళ మీద పడ్డడు. ఈ పిల్ల తండ్రి సచ్చిపోయిండు సార్, ఇడిసిపెట్టుండ్రి అన్నడు. ఆఫీసరు నవ్విండు. ఇప్పుడే లగ్గమంటివి, ఇప్పుడే చావంటున్నవా అన్నడు. మా బాపు పోయిండని నేను గట్ల తెలుసుకున్న. నడిరోడ్డు మీద, వానల, ఒగడు నవ్వుతుంటె.”

నీళ్ళ గ్లాసు దీపాలికి తిరిగి ఇచ్చేసింది.

“అంత్యక్రియలు అయిపోయినంక ఊరికి చేరిన. బత్తాయిలు రోడ్డు మీదనే ఇడిసిపెట్టిన. ఇదంత చెప్పాల్నా కోర్టుల?”

“చెప్పాలె,” అంది ఓదెమ్మ.

జమున తడి చేతిని కొంగుకు తుడుచుకుంది.

“చెప్త. నీ బండి కోసం కాదు. వాడు నవ్విండు కద, ఆ నవ్వు కాగితం మీదికి ఎక్కాలె. గందుకు చెప్త. కని ఒక మాట అడుగుత. నాకు చెప్పొద్దని బండిల ఎవలన్నరు? ఎవలో ఒకలు మొదలు అన్నరు. దత్తన్న కాదంటున్నడు. సవారీలు మాకు పైనుంచి చెప్పిన్రు అంటున్నరు. ఎవలు?”

దత్తాత్రి టోపీని చేతిలో తిప్పాడు.

మొదట అంకుశం మాట్లాడాడు. ఎంత మెల్లగా మాట్లాడాడంటే, అతని గొంతులో కొత్త జాలి వినిపించింది. “మా అన్న చెప్పిండమ్మా. కబురు సీటు కానూన్ ఆయనదే కద. ఆయననే చెప్పి ఉంటడు. పోయిన మనిషిని ఏం అంటం? మనసుల పెట్టుకోకు.”

అతను వదినె వైపు చూశాడు. ఆ చూపు ఓదెమ్మకు అర్థమైంది. కోర్టుకు పొమ్మనే చూపు కాదు అది. కానీ ఈ ఒక్క ముల్లును నేను తీస్తాను, తీయించుకో అనే చూపు. మరిది చాలా రోజుల తర్వాత ఆమె పక్షాన నిలబడ్డాడు.

ఊ అంటే చాలు. జమున ఆటో ఎక్కుతుంది. చనిపోయిన మనిషి కాదనడు.

నర్సింగం పోయిన రోజు దత్తాత్రి ఇదే గుమ్మంలో నిలబడ్డాడు. సేటుకు జెర బాగలేదు, రా అక్కా, అన్నాడు. ఆటోలో దారి పొడవునా ఉల్లిగడ్డల ధర గురించి మాట్లాడాడు. ఎన్నడూ రెండు మాటలు కలిపి మాట్లాడని మనిషి. కాల్హేర్ గోదాముల దగ్గరికి వచ్చేసరికి ఓదెమ్మకు తెలిసిపోయింది. తెలిసినట్టు అతనికి తెలియనివ్వలేదు. అవును, ఉల్లిగడ్డ మస్తు పిరమైంది, అంది. వాళ్ళిద్దరి మధ్యా ఆ సంగతి ఇప్పటికీ ఎవరూ ఎత్తలేదు.

ఆ ఆటోలోనే ఆమెకు మొదటిసారి జమున గుర్తొచ్చింది.

“ఆయన కాదు,” అంది ఓదెమ్మ.

“వదినే—”

“ఆగు అంకుశం. ఆయన చెప్పుదామన్నడు. ఎదిగిన పిల్ల, చెప్పి తీస్కపోదాం, ఏడుస్తె ఏడువనీ అన్నడు. వద్దన్నది నేను. బూత్ కాడ నిలబడి ఎక్కేటోళ్ళందరికి నేనే చెప్పిన. పోరి ముంగట చావు మాట ఎత్తొద్దు, ఎవలన్న అడిగితె లగ్గమనుండ్రి, అని. నీకు పల్లీల పొట్లం ఇచ్చింది గుర్తున్నదా? అది ఇచ్చి, నీ చెంప ముట్టుకోని, మీ బాపు మంచిగైతడు అన్న. నేనే అన్న.”

జమున చేయి తనకు తెలియకుండానే చెంప దాకా వెళ్ళి ఆగింది.

“తప్పు చేసిన్నా ఒప్పు చేసిన్నా నాకు తెల్వదు,” అంది ఓదెమ్మ. “మా ఊళ్ళె మా అవ్వ గట్లనే చేసింది. నేను గట్లనే చేసిన. మొన్న నాకు గట్లనే చేసిన్రు. గది ఎట్లుంటదో మొన్న ఎర్కైంది. కోర్టుల నువ్వు ఇది సుత చెప్పు. ఓదెమ్మ నాతోటి అబద్ధమాడింది అని నా పేరు పెట్టి చెప్పు. మల్ల ఆయన పేరు తియ్యకు. ఆయన మోసం చెయ్యలె. సాబ్‌ను చెయ్యలె, నిన్ను చెయ్యలె.”

దీపాలి గ్లాసును కింద పెట్టింది.

జమున గుమ్మం దిగింది. మెట్టు మీద ఒక్క క్షణం ఆగింది. వెనక్కి తిరుగుతుందనుకున్నారు. తిరగలేదు. తడిసిన గల్లీలో ఆమె చెప్పుల చప్పుడు మలుపు దాకా వినిపించి ఆగిపోయింది.

“ఏం చేసినవ్ వదినే,” అన్నాడు అంకుశం. తిట్టులా లేదు. “చేతిలకొచ్చిన సాక్షి. ఏం చేసినవ్.”

ఓదెమ్మ చాప మీది కాగితాన్ని తీసింది. పెన్నును దానిమీద అడ్డంగా పెట్టి మడిచింది. భీమ్‌రావు చేతిలో పెట్టింది.

“తీస్కపో భీమ్‌రావు. బయట వాన చినుకులున్నయి, తడువనియ్యకు. వేరేటోనికి పనికొస్తది.”

“సాక్షి లేకుంట ఏం చేస్తవ్ భాభీ?”

“నేను లేనా?”

మేకు మీది ఖాకీ చొక్కా తీసింది. చేతిలో బరువు చూసి, మళ్ళీ అక్కడే తగిలించింది. గొడుగు తీసుకుంది. దీపాలి అప్పటికే కేసు కాగితాల సంచి చంకకు తగిలించుకుని చెప్పులేసుకుంటోంది.

అంకుశం గుమ్మానికి అడ్డంగా ఉన్నాడు. ఓదెమ్మ అతని ముందు నిలబడింది. జరగమనలేదు. నెట్టలేదు. నిలబడింది. యార్డు గేటు ముందు నర్సింగం ఎలా నిలబడ్డాడో అంకుశం చూసి ఉన్నాడు.

అతను పక్కకు జరిగాడు.

“మాసికానికి ముందు బయటపడ్తున్నదని కులమోళ్ళు అడుగుతె ఏం చెప్పాలె?” అన్నాడు. ఈసారి నిజంగా అడిగాడు.

“కబురొచ్చింది, పోయింది అని చెప్పు.”

“నా బియ్యం అయిపోయినయి,” కనకవ్వ చేట పక్కన పెట్టి లేచింది. “ఎవలన్న అడిగితె నేను చెప్త తియ్యి.”

ఆటోలో దీపాలి ఒక చివరకు జరిగి కూర్చుంది. ఓదెమ్మ రెండో చివర కూర్చుంది. ఇద్దరి మధ్యా ఒక మనిషి పట్టేంత చోటు ఉంది. దీపాలి ఆ చోటునూ, తల్లినీ చూసింది. సంచి అక్కడ పెట్టబోయి, ఒళ్ళోకి తీసుకుంది.

దత్తాత్రి ఇంజిన్ స్టార్ట్ చేశాడు. అద్దంలో వెనక సీటు చూశాడు. స్టీరింగ్ వెనకాల గడిపిన ఏళ్ళన్నీ అతని చేతుల్లో ఉన్నాయి. ఆ చేతులు గేరు మీద ఆగిపోయాయి.

“లోకల్ పోతది అక్కా,” అన్నాడు. “ఇప్పుడు పోకుంటె వకీలు దొరకడు. సోమవారం కోర్టుల మన కాగితం ఉండదు.”

“ఎర్క.”

“పోదామా మల్ల?”

ఓదెమ్మ గల్లీ మలుపు వైపు చూస్తోంది. వాన పెరిగింది. మలుపులో ఎవరూ లేరు.

“ఇంజిన్ బంద్ చెయ్యకు దత్తన్నా,” అంది. “కదలకు సుత.”